శ్రీమతి రాధిక: పెద్దతెర, చిన్నతెర

సినిమాతారల ముచ్చటలు ఈ శీర్షికలో వ్రాయుట మాకు వాడుక లేదు. కాని ముప్పదియేండ్లు దాటిన నటికి మన చిత్రములలో తల్లివేషము తప్ప మరేమి మిగులునని ఒక సోదరి మమ్ము ప్రశ్నించినది. ఆ ప్రశ్న వినగనే మాకు శ్రీమతి రాధిక జ్ఞప్తికి వచ్చినది.

తమిళ రంగస్థలమున పేరెన్నికగన్న ఎం. ఆర్. రాధాగారి కుమార్తె యీమె. 1978లో భారతీరాజాగారి ‘కిళక్కే పోగుం రైల్’ అను తమిళ చిత్రముతో, పదునారేండ్ల ప్రాయమున తెరకెక్కినది. అందలి నాయకుడు తరువాత హాస్యనటుడై మనల నెంతయో నవ్వించిన సుధాకర్.

తెలుగువారు ఆమెలోని నటిని గుర్తించినది 1981 నాటి ‘న్యాయం కావాలి’లో. డి. కామేశ్వరిగారి నవల దానికాధారము. నమ్మించి విడిచిన పురుషుని న్యాయస్థానమునకు రప్పించిన యువతి పాత్ర అది. అట్టి స్త్రీకి మన చిత్రములు తరచుగా చూపిన దారి నూయో యేరో!

విశ్వనాథ్ గారి ‘స్వాతిముత్యం’ (1986)లోని లలిత ఇందుకు కేవలము భిన్నము. బిడ్డతో అన్నగారి పంచను బ్రదుకు వితంతువు. నోరు విప్పి ఒకరి నడుగునది కాదు. అందరును ఆ చిత్రమునే మెచ్చుకొందురు. మాకు మాత్రము 1992 నాటి ‘స్వాతికిరణం’ మిన్నగా తోచును. మహావిద్వాంసుడైన భర్త ఒక పసివాని విద్యను చూచి యసూయతో దహించుకొనిపోవుచుండును. ఇల్లాలు శారద ఆ బాలుని కన్నకొడుకువలె చూచుకొనును. భర్తను కాదనలేదు, బాలుని విడువలేదు. ఆ సంకటమునంతయు ఆమె కన్నులలోనే చూచితిమి.

ఇక ముప్పదియేడేండ్ల వయస్సు వచ్చినది. అప్పటికి తోటి నాయకులు ఇంకను ప్రేమగీతములు పాడుచునే యుండిరి. ఈమె వేషమిచ్చువారి గుమ్మమున కాచియుండలేదు. తన సొంతదగు రాడాన్ సంస్థ పక్షమున ‘చిత్తి’ అను తమిళ ధారావాహికను నిర్మించి తానే ప్రధానపాత్ర ధరించినది. 1999 నుండి 2001 వరకు సన్ టీవీలో నడచిన ఆ కథయే తెలుగుమాటలతో ‘పిన్ని’ యై జెమినీ టీవీలో మన యిండ్లకు వచ్చినది. ఆ వేళకు పొయ్యిమీది కూర మాడిన యిండ్లను మేమెరుగుదుము; మా యిల్లును అందొకటి.

నిర్మాణము ఆమెకు కొత్త కాదు. ప్రతాప్ పోతన్ దర్శకత్వమున ఆమె నిర్మించిన ‘మీండుం ఒరు కాదల్ కదై’ అను చిత్రమునకు పూర్వమే జాతీయ పురస్కారము లభించినది. ఆ యనుభవమే టెలివిజనునందు అక్కరకు వచ్చినదని మా తలంపు.

అట్లని ధారావాహికలన్నియు మాకు ప్రియమైనవి కావు. కుట్రలమీద కుట్రలు పేర్చి, నాలుగు నెలల కథను నాలుగేండ్లు సాగదీయుట మాకు రుచింపదు. ఆమె సంస్థవారును ఈ దోషమునకు అతీతులు కారు.

2020లో ‘చిత్తి’ రెండవభాగము ఆరంభమైనది. అప్పటి కామెకు ఏబదియేడేండ్లు. అప్పుడును పిన్ని తానే.