అప్పీలులో ఉన్న పొలం దావాకు రాజీ: సంతకానికి ముందు చూసుకోవలసినవి

2025 జులై 1 నుంచి సెప్టెంబరు 30 వరకు దేశమంతటా కోర్టు కేసుల మధ్యవర్తిత్వానికి ప్రత్యేక కార్యక్రమం నడిచింది. ఆస్తి పంపకాల దావాలూ అందులో ఉన్నాయి. జాతీయ లోక్ అదాలత్‌లు ఎలాగూ ఏటా జరుగుతున్నాయి. అయినా మంత్రాలయం, ఎమ్మిగనూరు, ఆదోని వైపు రైతుల్లో "కింది కోర్టు తీర్పు వచ్చేసింది, అప్పీలులో ఇంక రాజీ ఏముంది?" అనే మాట వినిపిస్తూనే ఉంటుంది. అది సరికాదు. అప్పీలు మీద తీర్పు వచ్చేలోగా ఎప్పుడైనా ఇరుపక్షాలూ రాజీ పడవచ్చు.

గెలిచినవారికి రాజీ ఎందుకు? అప్పీలు వేసినంత మాత్రాన డిక్రీ ఆగదు, స్టే విడిగా తెచ్చుకోవాలి. ఇది గెలిచినవారికి బలమే. కానీ జిల్లా కోర్టులో అయ్యాక హైకోర్టుకు రెండో అప్పీలు వేసే వీలుంది. ముఖ్యమైన చట్టపరమైన ప్రశ్న ఉంటేనే అక్కడ వింటారు. అంతవరకూ పొలం తగాదాలోనే ఉంటుంది. తగాదా పొలంలో ఎవరూ ధైర్యంగా బోరు వేయరు, డ్రిప్ పెట్టరు, చెట్లు నాటరు. ఏటా పత్తో శనగో వేసి సరిపెట్టుకుంటారు. వకీలు ఫీజు లెక్కేస్తాం గానీ ఈ నష్టం ఎవరూ లెక్కేయరు.

రాజీలో ఇంకో వెసులుబాటు ఉంది. దావాలో అడిగినంత వరకే కోర్టు తీర్పు చెబుతుంది. రాజీలో రస్తా ఎటు నుంచి, ఎన్ని అడుగులు, బోరు నీళ్లు ఎవరికి ఏ రోజు, ఎల్‌ఎల్‌సీ పిల్లకాలువ నీరు ముందు ఎవరి మడికి, చేలో ఉన్న పంట ఎవరు కోసుకోవాలి అన్నీ రాసుకోవచ్చు. మన దగ్గర సగం గొడవలు వీటి మీదే. సర్వే నంబరు, విస్తీర్ణం, నాలుగు హద్దులు రాసి, స్కెచ్ జతపరచండి. "పెద్దలు చెప్పినట్టు" అని రాస్తే మళ్లీ కోర్టుకే.

ఊరి పెద్దల ముందు రాసుకున్న కాగితం బీరువాలో పెడితే అప్పీలు మూసుకుపోదు. సంతకాలతో రాజీ పిటిషన్ అప్పీలు కోర్టులో వేయాలి, లేదా కేసును లోక్ అదాలత్‌కు పంపమని అడగాలి. లోక్ అదాలత్ అవార్డు కోర్టు డిక్రీతో సమానం. కట్టిన కోర్టు ఫీజు వెనక్కి వస్తుంది. అయితే 1987 న్యాయ సేవల చట్టం ప్రకారం ఆ అవార్డు మీద అప్పీలు లేదు. కాబట్టి ఎవరో తొందరపెట్టారని సంతకం పెట్టకండి. చదివించుకుని, ఇంట్లో మాట్లాడుకుని వెళ్లండి.

ముఖ్యంగా అక్కచెల్లెళ్లను వదిలేసి అన్నదమ్ములు మాత్రమే సంతకాలు పెట్టే రాజీలు నిలబడవు. వాటాదారులందరూ ఉండాలి. మైనరు ఉంటే కోర్టు అనుమతి తప్పనిసరి. దావాలో లేని పొలాన్ని రాజీలో కలిపితే దానికి రిజిస్ట్రేషన్ కావాలి. పంపకాల డిక్రీకి స్టాంపు ఖర్చు ఎంతో ముందే వకీలును అడగండి. ఆడవారికి, ఎస్సీ, ఎస్టీలకు ఆదాయంతో పనిలేకుండా ఉచిత వకీలును ఇస్తారు. కోర్టు ఆవరణలోని న్యాయ సేవాధికార కమిటీని గానీ, 15100 నంబరును గానీ సంప్రదించవచ్చు.

డిక్రీ చేతికి వచ్చాక చాలామంది అక్కడే ఆగిపోతారు. సర్టిఫైడ్ కాపీ తీసుకుని మ్యుటేషన్‌కు దరఖాస్తు చేయండి, నంబరు విడిపోతే సర్వేయరుతో సబ్‌డివిజన్ చేయించండి. అడంగల్, 1బిలో పేరు మారకపోతే ఈ-క్రాప్ నమోదులోనూ, బ్యాంకులో పంట రుణం దగ్గరా పాత పేరే వస్తుంది. ఖరీఫ్ నమోదు మొదలయ్యేలోపు ఈ పని పూర్తి చేసుకోండి.