మెడల్ లేని మన ఆటగాళ్లు



మన దేశానికి ఒలింపిక్ పతకాలు తక్కువని టీవీలో ఒకాయన మస్తు బాధపడుతుండు. జైనూర్ చాయ్ హోటల్‌ల కూసొని చూస్తున్న నాకు నవ్వొచ్చింది. సార్, మీరు వెతకాల్సిన కాడ వెతకలేదు!

దండారి సంగతే చూడండి. నెత్తిన నెమలి పింఛాల టోపీ, ఒంటినిండా బూడిద, చేతిల కర్ర, కాళ్లకు గజ్జెలు. ఊరి నుంచి ఊరికి నడవాలె. పోయినకాడ డప్పు, పెప్రె ఆగేదాక ఆడాలె. దీక్ష అయ్యేదాక స్నానం లేదు. ఇదే పని ఏ విదేశీ చేసినా షూ కంపెనీలు వెంటపడేవి. మన గుస్సాడికి దక్కేది ఒక్క ఫోటో. అది కూడా తీసినాయన పేరు మీద!

మన మండలంల మర్లవాయి కనకరాజు తాతకు 2021లో పద్మశ్రీ వచ్చింది. 2024లో తాత పోయిండు. కళకని ఇచ్చిండ్రు, సంతోషం. ఆ దమ్ముకు ఇంకొకటి ఇయ్యాల్సింది. మరి తాత పక్కన ఆడినోళ్ల పేర్లు మనలో ఎంతమందికి తెలుసు?

1928 ఆమ్‌స్టర్‌డామ్ ఒలింపిక్స్‌లో హాకీల మనకు మొదటి బంగారం. కెప్టెన్ ఎవరంటే అందరూ ధ్యాన్‌చంద్ అంటరు. కాదు, ముండా బిడ్డ జైపాల్ సింగ్. ఐసీఎస్‌కు ఎంపికైనోడు, సెలవు ఇయ్యకున్నా ఆటకు పోయిండు. ఫైనల్ ఆడలేదు నిజమే, కానీ కెప్టెన్ ఆయనే. తర్వాత రాజ్యాంగ సభలో ఆదివాసీల కోసం గొంతెత్తిండు. అంత పెద్దమనిషినే మరిచిపోయినోళ్లకు మనం ఎంత?

మా గూడెం చెల్లె ఒకామె పరుగు పందెంల ఫస్ట్ వచ్చింది. ఒక షీల్డు, రెండు అరటిపండ్లు ఇచ్చిండ్రు. స్పోర్ట్స్ కోటాకు అప్లై చేద్దామంటే సర్టిఫికెట్ల పేరు తప్పు, ఆధార్‌తో కలవలేదు. అరటిపండ్లల్ల మాత్రం ఏ తప్పూ లేదు. ఇప్పుడు ఆ చెల్లె కూలికి పత్తి ఏరుతున్నది. అక్కడ కూడా ఫస్టే.

ఎవరో గుర్తించాలని ఎన్నాళ్లు చూస్తం? మొదలు మనమే గుర్తిద్దాం. ఆటలైన రోజే సర్టిఫికెట్ల అక్షరాలు చదివి, తప్పుంటే అక్కడికక్కడే దిద్దించి, సంతకం, ముద్ర చూసుకొని తీసుకోండి. చదువురాని అమ్మానాయినలు ఉంటే మీరే చూసి చెప్పండి. ఫోన్ల ఒక ఫోటో ఉంచండి. ఈసారి దండారి ఫోటో ఈ గ్రూపుల పెట్టేటోళ్లు గుస్సాడి పేరు, ఊరు కింద రాయండి.

షూ కంపెనీ వస్తే అప్పుడు చూద్దాం. జై సేవా!