చౌకదుకాణం రద్దు చేసే ముందు డీలరు మాట వినండి

ఆంధ్రప్రదేశ్ పౌరసరఫరాల శాఖ మంత్రి శ్రీ నాదెండ్ల మనోహర్ గారికి,

ప్రొద్దుటూరు, జమ్మలమడుగు, పులివెందుల ప్రాంతాల్లో రేషన్ స్టోరు నడుపుకుంటున్న డీలర్ల తరఫున, ఆ స్టోరు బియ్యమే ఆధారమైన కార్డుదారుల తరఫున ఈ లేఖ రాస్తున్నాను. చౌకదుకాణానికి ఆథరైజేషన్ ఇచ్చేదీ, రద్దు చేసేదీ ఆర్డీవోనే. ప్రొద్దుటూరు డీలరు బతుకు జమ్మలమడుగు ఆర్డీవో ఆఫీసులో తేలుతుంది. పులివెందుల వాళ్లకు 2022 నుంచి సొంత డివిజన్ ఉంది.

అధికారులు తనిఖీకి వస్తారు. ఈ-పాస్ యంత్రం చూపే నిల్వకూ గదిలో ఉన్న బస్తాలకూ తేడా ఉందని పంచనామా రాస్తారు. నిత్యావసర సరుకుల చట్టం సెక్షన్ 6ఏ కింద కేసు పెడతారు. డీలరును సస్పెండ్ చేసి కార్డులను పక్క స్టోరుకు కలుపుతారు. ఇంతవరకు నేను తప్పుపట్టను. పేదల బియ్యం అమ్ముకున్నవాడి మీద నాకు జాలి లేదు. 2024లో కాకినాడలో రేషన్ బియ్యం అక్రమ నిల్వల మీద మీరు జరిపించిన తనిఖీలను మనసారా హర్షించాను.

నా అభ్యంతరమంతా ఆ తర్వాత జరిగేదాని మీదే. ఆ తేడా గోదాము నుంచి వచ్చిన బస్తాల తూకంలోనే ఉందా, యంత్రంలో నమోదు పొరపాటా, డీలరే అమ్ముకున్నాడా అన్నది విచారణలో తేలాలి. కానీ తనిఖీ నివేదిక నకలు డీలరుకు అందదు. పంచనామా మీద సంతకం చేసినవాళ్లను ప్రశ్నించే అవకాశం దొరకదు. సంజాయిషీ సంతృప్తికరంగా లేదన్న ఒక్క వాక్యంతో రద్దు ఉత్తర్వు వచ్చేస్తుంది. ఎందుకు సంతృప్తికరంగా లేదో అందులో ఉండదు.

ఇలాంటి ఉత్తర్వులు కోర్టులో నిలవవు. ఉత్తర్వులో లేని కారణాలను తర్వాత అఫిడవిట్‌లో చేర్చి దాన్ని నిలబెట్టుకోవడం కుదరదని మొహిందర్ సింగ్ గిల్ కేసులో 1977లోనే సుప్రీంకోర్టు చెప్పింది. ఓరిక్స్ ఫిషరీస్ అనే సంస్థకు ఎగుమతిదారుగా ఉన్న రిజిస్ట్రేషన్‌ను రద్దు చేసినప్పుడు, షోకాజ్ నోటీసులోనే నేరం తేల్చేశారని 2010లో ఆ రద్దును కొట్టేసింది. చేపల ఎగుమతిదారుకు దక్కిన న్యాయం పల్లెలో బియ్యం తూచే డీలరుకూ దక్కాలి కదా!

దక్కడానికి అతను ఎంత దూరం పోవాలో చూడండి. జాయింట్ కలెక్టరుకు అప్పీలు చేసుకోవడానికి కడపకు తిరగాలి. సహజ న్యాయం పాటించలేదని రాజ్యాంగం 226వ అధికరణం కింద హైకోర్టులో రిట్ వేయాలంటే అమరావతి ప్రయాణం. కర్నూలులో హైకోర్టు బెంచ్ కోసం శాసనసభ 2024లో తీర్మానం చేసింది. అది వచ్చేదాకా మా రాయలసీమ డీలరుకు ఆ ఖర్చు తప్పదు. చివరికి కోర్టు రద్దును పక్కనపెట్టి మళ్లీ విచారించమంటే కథ మొదటికొస్తుంది. ఈలోగా నిర్దోషి అప్పులపాలవుతాడు. నిజంగా బియ్యం మింగినవాడు అదే లొసుగు పట్టుకుని దర్జాగా తిరిగొస్తాడు. విచారణ సరిగ్గా జరపకపోతే లాభపడేది రెండోవాడే. నన్ను ఎక్కువగా బాధపెట్టేది ఇదే.

ప్రభుత్వం మారితే స్టోరు మారుతుందన్న మాట మా పల్లెల్లో ఇవాళ పుట్టింది కాదు. ఏ ఒక్క పార్టీనో ఉద్దేశించి అనడం లేదు. రద్దు ఉత్తర్వులో కారణం కనిపించకపోతే జనం కారణాన్ని రాజకీయంలోనే వెతుక్కుంటారు.

2021 నుంచి ఇంటింటికీ తిరిగిన వాహనాలను ఆపి, 2025 జూన్ 1 నుంచి సరుకుల పంపిణీని మళ్లీ చౌకదుకాణాలకే అప్పగించారు. డీలరు మీద అంత బాధ్యత పెట్టినప్పుడు అతనికి ఆ మేరకు రక్షణ కూడా కల్పించాలి. తనిఖీ నివేదిక, పంచనామా నకళ్లు నోటీసుతోపాటే ఇప్పించండి. డీలరును నేరుగా పిలిచి వినమని, ఒక్కో ఆరోపణకు అతను చెప్పిన సమాధానాన్ని, దాన్ని ఒప్పుకోని కారణాన్ని ఉత్తర్వులో రాయమని ఆర్డీవోలను ఆదేశించండి. అప్పీలు తేలేదాకా ఆ స్టోరును కొత్తవాళ్లకు శాశ్వతంగా కట్టబెట్టకండి, ఇన్‌ఛార్జితోనే నడిపించండి.

ఇందుకు కొత్త చట్టం అక్కర్లేదు, మీ శాఖ నుంచి ఒక సర్క్యులర్ చాలు. అది వెళ్లేలోగా జమ్మలమడుగు, పులివెందుల డివిజన్లలో పెండింగులో ఉన్న సస్పెన్షన్ ఫైళ్లను తెప్పించుకుని చూడమని కోరుతున్నాను.

ఇట్లు,
ప్రొద్దుటూరు నుంచి ఒక పౌరుడు