సరిపెట్టుకోవడం ఎవరి మాట?

చాలా రోజుల తరువాత మళ్ళీ వ్రాయడానికి కూర్చొన్నాను. కోపంతో కూర్చొన్నానని ముందే మనవి చేసుకొంటున్నాను. మాట పరుషమైతే మిత్రులు పెద్దమనసుతో మన్నించాలి.

మొన్న ఆదివారం అమీర్‌పేటలో మా అపార్టుమెంటు మెట్ల మీద జరిగిన సంగతి ఇది. పై అంతస్తు అమ్మాయి, పదకొండేళ్ళది, కాలనీ షటిల్ పోటీలలో రెండవ స్థానం పొంది చిన్న కప్పుతో వస్తున్నది. ఎదురుపడిన పెద్దమనిషి ఒకరు కప్పు మీది అక్షరాలు చదివి, “రన్నరప్పా? అయ్యో! పోనీలే అమ్మా, ఈసారికి దీంతో సరిపెట్టుకో” అన్నారు. అంతవరకూ గుండెలకు హత్తుకొన్న కప్పును ఆ పిల్ల వీపు వెనక్కు దాచుకొన్నది. ఆయన చెడ్డవారు కారు. ఆ మాట ఆయన సొంతమూ కాదు. మన పత్రికల ఆటల పేజీ ఏళ్ళ తరబడి నేర్పిన పాఠాన్నే ఆయన అప్పజెప్పారు. “రజతంతో సరిపెట్టుకుంది”, “కాంస్యంతో సరిపెట్టుకున్నాడు”. నా తగవు ఈ క్రియతోనే.

‘సరిపెట్టుకోవడం’ అంటే ఏమిటి? నెయ్యి నిండుకొంటే నూనెతో సరిపెట్టుకొంటాం. జీతం చాలకపోతే ఉన్నదానితో సరిపెట్టుకొంటాం. కోరినది దక్కనప్పుడు దొరికినదానితో మనసుకు నచ్చజెప్పుకోవడమన్న మాట. అది ఎవరి మనసులో వారు చేసుకొనే పని. “సింధు రజతంతో సరిపెట్టుకుంది” అని వ్రాసిన విలేఖరి ఆమె పొందిన స్థానాన్ని చెప్పడం లేదు, ఆమె మనసును తానే చెబుతున్నాడు. ఆ అధికారం ఆయనకు ఎవరిచ్చారు?

2017లో గ్లాస్గో ప్రపంచ చాంపియన్‌షిప్ ఫైనల్‌ను గుర్తు చేసుకోండి. సింధు, ఒకుహారా 110 నిమిషాలు ఆడారు. 19-21, 22-20, 20-22. మొత్తం కూడి చూడండి. సింధుకు 61 పాయింట్లు, ఒకుహారాకు 63. దాదాపు రెండు గంటల సమరంలో తేడా రెండు పాయింట్లు. దీనిని ‘సరిపెట్టుకోవడం’ అనగలిగినవారు తెలుగు క్రియలను గాని, బాడ్మింటన్‌ను గాని, బహుశః రెండింటినీ గాని ఎరగనివారు.

ఇక పతకాల పేర్ల లెక్క చూద్దాం. 2013, 2014 ప్రపంచ చాంపియన్‌షిప్‌లలో సింధుకు కాంస్యం వచ్చింది. ఆ పోటీలో సెమీఫైనల్లో ఓడిన ఇద్దరికీ కాంస్యమిస్తారు. ఒలింపిక్స్‌లో అలా కాదు. సెమీస్‌లో ఓడిన ఇద్దరూ మళ్ళీ తలపడాలి, గెలిచినవారికే కాంస్యం. 2021లో టోక్యోలో ఆమె హి బింగ్‌జియావోను ఓడించి కాంస్యం తెచ్చింది. అంటే ఒకచోట కాంస్యం ఓటమితో ముగిసిన ప్రయాణం, మరొకచోట గెలుపుతో ముగిసిన ప్రయాణం. రజతం మాత్రం ఎక్కడైనా చివరి ఆట ఓడినవారిదే. ఇన్ని భేదాలున్న చోట అన్నింటికీ ఒకే ‘సరిపెట్టుకుంది’ అతికించడం భాషా సేవ కాదు, బద్ధకం.

మన శ్రీకాకుళం ఆడపడుచు కరణం మల్లీశ్వరి 2000లో సిడ్నీలో 240 కిలోలు ఎత్తి కాంస్యం పొందింది. ఒలింపిక్ పతకం పొందిన తొలి భారతీయ మహిళ ఆమే. ఆనాడు మొదటి స్థానం చైనాకు చెందిన లిన్ వెయినింగ్‌ది, రెండవది హంగరీకి చెందిన మార్కుస్‌ది. ఇద్దరూ ఎత్తినది సమానమే, 242.5 కిలోలు. శరీరపు బరువు తక్కువైనందున లిన్‌కు స్వర్ణం దక్కింది. మొదటికీ రెండుకీ మధ్య ఎత్తిన బరువులో భేదమే లేదు, రెండుకీ మూడుకీ మధ్య రెండున్నర కిలోలు. స్థానసంఖ్య వరుసను చెబుతుందే గాని దూరాన్ని చెప్పదు. 1984లో లాస్ ఏంజెలెస్‌లో పి.టి.ఉష నాలుగవ స్థానంలో నిలిచింది సెకనులో నూరవ వంతు తేడాతో. పత్రికలు ‘తృటిలో’ అని వ్రాస్తాయి. సరైన రూపం త్రుటి, కాలంలో అతిసూక్ష్మమైన ప్రమాణం. ఆ మాట అక్షరాలా చెల్లే చోటు అది.

ఇక ‘రన్నరప్’. ఈ మాటను నేను ద్వేషించను. 19వ శతాబ్దపు ఇంగ్లండులో వేటకుక్కల పందేలలో పుట్టిన మాట అది. జతలు జతలుగా పరుగెత్తించి, ఓడినదానిని తప్పిస్తూ పోతే, అన్ని పరుగులూ గెలిచి చివరి పరుగు ఒక్కటే ఓడిన కుక్కను అలా పిలిచేవారు. అంటే ఆ మాటలో ఉన్నది గెలుపుల వరుస. మనం మాత్రం ఆ వరుసను మరిచి చివరి ఓటమినే పట్టుకొన్నాము.

‘సీడ్’, ‘ర్యాంకు’ ఒకటే అనుకొనేవారు చాలామంది. కాదు. బాడ్మింటన్‌లో ర్యాంకు అంటే గడచిన 52 వారాల ఫలితాలను బట్టి కట్టే లెక్క. సీడ్ అంటే ఆ ఒక్క పోటీకి వేసిన వరుస. రైతు విత్తులను ఎడం ఎడంగా నాటినట్లు, గట్టివారు మొదటి రౌండ్లలోనే తలపడకుండా పట్టికలో దూరదూరంగా వేస్తారు. కనుక సీడ్ ఒక అంచనా మాత్రమే. 2016లో రియోలో సింధు 9వ సీడ్. ఆ అంచనా ప్రకారం ఆమె క్వార్టర్‌ఫైనల్‌కే చేరకూడదు. ఆమె 8వ సీడ్ తాయ్ జుయింగ్‌ను, 2వ సీడ్ వాంగ్ యిహాన్‌ను, 6వ సీడ్ ఒకుహారాను వరుసగా ఓడించి, ఫైనల్లో 1వ సీడ్ మారిన్ చేతిలో ఓడింది. తొమ్మిదవ విత్తు రెండవ మానై నిలిస్తే అది సరిపెట్టుకోవడమా?

పండితుడిని గనుక ఒక మాట వ్యాకరణం కూడా చెప్పనివ్వండి. తెలుగులో ‘మొదటి’ అనే మాట ‘మొదలు’ నుండి వచ్చింది. మొదలంటే చెట్టు బోదె, వేరు దగ్గరి భాగం. సంస్కృతంలో ‘అగ్ర’ మంటే కొన. మొదటి స్థానమన్నా అగ్రస్థానమన్నా ఒకటే అంటున్నాం గాని, ఒకటి చెట్టు క్రింద, మరొకటి చిటారు కొమ్మన! ‘ద్వితీయ’ శబ్దానికి సంస్కృతంలో తోడు, సహచరుడు అనే అర్థం కూడా ఉన్నది. తన నీడ తప్ప మరో తోడు లేనివాడు ఛాయాద్వితీయుడు. రెండవవాడు లేనిదే పోటీ లేదు, మొదటివాడికి పేరూ లేదు. కవులను లెక్కపెట్టబోయి చిటికెనవ్రేలి మీద కాళిదాసును నిలిపితే, ఆయనకు సాటివారు దొరకక ప్రక్కవ్రేలు ‘అనామిక’ అయిందని మనవారు చమత్కరించారు. కాళిదాసుకు అది స్తుతి. ఆటలలో రెండవవారిని మనం నిజంగానే అనామికలను చేస్తున్నాం.

ఈ రోగం ఆటలకే పరిమితం కాదు. మైత్రీవనం దగ్గర నిలబడి తలెత్తి చూడండి. శిక్షణ సంస్థల బోర్డులలో ‘నంబర్‌వన్’ కానిది వెదకిపట్టుకోవడమే కష్టం. అందరూ ఒకటవవారే అయితే ఒకటి అనే అంకెకు అర్థమేమిటి? రెండవవాడిగా ఉండడం సిగ్గనుకొన్న ఊళ్ళో మొదటివాడనడం అబద్ధమవుతుంది.

“అయితే మాస్టారూ, ఓటమిని గెలుపనమంటారా?” అని మీరు అడుగుతారు. అననక్కరలేదు. పాల్గొన్నవారందరికీ సమానంగా కప్పులు పంచమనీ నేను చెప్పను. “ఫైనల్లో ఓడింది” అనండి, అది నిజం. “రజతం సాధించింది” అనండి, అదీ నిజం. స్కోరు వ్రాయండి, ఎవరెవరిని దాటి వచ్చిందో వ్రాయండి. మనసు సంగతి ఆమెకు వదిలేయండి.

చివరగా ఒక ఒప్పుకోలు. ఉద్యోగంలో చేరిన తొలి రోజులలో పాఠశాల వార్షికోత్సవ నివేదిక వ్రాసే పని నాకు అప్పగించారు. రెండు వందల మీటర్ల పరుగులో ద్వితీయురాలైన బాలిక గురించి, భాష పుష్టిగా ఉండాలని, “ద్వితీయ స్థానంతో సరిపెట్టుకొన్నది” అని వ్రాసి సభలో నేనే చదివాను. సభ ముగిశాక ఆమె తండ్రి వచ్చి, చేతులు కట్టుకొని, “అయ్యవారూ, మా పిల్ల ఏం తక్కువ చేసిందండీ?” అని అడిగాడు. ఆయనకు అక్షరాలు రావు. నా వాక్యంలోని దోషం మాత్రం ఆయనకే తెలిసింది. నేను ఏదో గొణిగాను. మరుసటి ఏడు ఆ పిల్ల పరుగుకు పేరివ్వలేదు. కారణం నేనడగలేదు, అడిగే ధైర్యం లేకపోయింది.

నిన్న సాయంత్రం పై అంతస్తుకు వెళ్ళి కప్పు చూపించమన్నాను. బీరువా పైనుండి తీసి తెచ్చింది. “ఎంతమందిని ఓడించావమ్మా?” అని అడిగాను. వ్రేళ్ళు మడిచి లెక్కపెట్టి, “నలుగురిని, తాతయ్యా” అన్నది. ఆ నలుగురి పేర్లూ చెప్పింది, స్కోర్లతో సహా.