కోర్టు సీనులో కనిపించని మనిషి

మన సినిమాల్లో కోర్టు సీనంటే ఎలా ఉంటుందో మీకు నేను చెప్పాలా? నల్లకోటు, బోను, మన కోర్టుల్లో అసలు వాడకంలోనే లేని సుత్తి, ఆఖరి నిముషంలో తలుపు తోసుకుని వచ్చే సాక్షి! 1981లో 'న్యాయం కావాలి', 1982లో 'జస్టిస్ చౌదరి', 2021లో 'వకీల్ సాబ్', 2025లో 'కోర్ట్'... హీరోలు మారారు, డైలాగులు మారాయి, ఈలలు మాత్రం తగ్గలేదు.

కాని ఇన్ని కోర్టు సీన్లలో ఒక మనిషికి వేషం దక్కలేదు. ఆయన సమన్లు పట్టుకుని ఎండలో ఊళ్ళ వెంట తిరిగే కోర్టు బంట్రోతు. కొందరు అమీనా అంటారు. ఆఫీసు భాషలో ప్రాసెస్ సర్వర్. సినిమాలో ఆయన వస్తే జప్తు రోజునే వస్తాడు. డప్పు మోగుతుంది, సామాను వీధిలో పడుతుంది, తల్లి పాత్ర కుప్పకూలుతుంది. డప్పు కల్పన కాదు లెండి! స్థిరాస్తి జప్తుని దండోరా వేసి చాటమని సివిల్ ప్రొసీజర్ కోడులోనే ఉంది. కాని అంతకు ఎన్నో నెలల ముందు ఆ కోర్టు మనిషి మొదటి కాగితంతో ఆ గుమ్మం ముందు నిలబడి ఉండాలి కదా? ఆ సీను ఏదీ?

నన్నడిగితే, కేసు ప్రాణమంతా ఆ గుమ్మం దగ్గరే ఉంది. అవతలివాడి మాట వినకుండా తీర్పు చెప్పడం న్యాయం కాదు. వాడు వచ్చి మాట చెప్పుకోవాలంటే, తన మీద కేసుందని ముందు వాడికి తెలియాలి. అంతే!

అందుకే 1908 నాటి ఆ కోడు దీన్ని చాలా పట్టింపుగా రాసింది. సమన్ల మీద కోర్టు ముద్ర ఉండాలి. దావా నకలు జత చెయ్యాలి. హాజరు కావడానికి చాలినంత వ్యవధి ఇవ్వాలి. వీలైనంతవరకు ప్రతివాది చేతికే అందించాలి. ఆయన ఇంట్లో లేక, త్వరలో దొరికే ఆశా లేకపోతే, ఆయనతో ఉంటున్న కుటుంబంలోని పెద్దవాళ్ళకి ఇవ్వచ్చు. పనిమనిషికిస్తే చెల్లదు. ఇంకో విశేషం వినండి. 1976 సవరణ దాకా అక్కడ 'వయసొచ్చిన మగవాడు' అనే ఉండేది! అమ్మ చేతికో, ఆలి చేతికో ఇచ్చినా లెక్కలోకి వచ్చింది ఆ సవరణ తరవాతే.

తీసుకోనంటే తలుపుకి అంటిస్తారు. ఇల్లు చూపించినది ఎవరు, ఎవరి ఎదుట అంటించాడు అన్నది కూడా ఆ బంట్రోతు కోర్టుకి రాసివ్వాలి.

సరే, మీకు బాగా తెలిసిన సంగతికి వద్దాం. మీ అభిమాన హీరో సినిమా రేపు రిలీజు, ఇవాళ స్టే! నిర్మాతకి ఒక్క మాటైనా చెప్పకుండా స్టే ఎలా ఇస్తారు? మామూలుగా అయితే ముందు నోటీసు ఇవ్వాల్సిందే. ఆలస్యమైతే అసలుకే మోసం వస్తుందనిపిస్తేనే, కారణం రాసి, కోర్టు ఆగమని చెప్పచ్చు. అందుకే తెలివైన నిర్మాతలు ముందుగా 'కేవియట్' వేసి ఉంచుతారు. 'నన్ను పిలవకుండా ఏమీ తేల్చకండి బాబూ' అని దానర్థం. 90 రోజులు పనిచేస్తుంది.

నోటీసు లేని ఉత్తర్వు ఎంత దూరం పోతుందో 2012లో చూశాం. 'కొలవెరి' పాట ఉన్న '3' సినిమా నిర్మాతలు పైరసీని ఆపడానికి మద్రాసు హైకోర్టులో ఉత్తర్వు తెచ్చుకున్నారు, పేరూ ఊరూ తెలియని ప్రతివాదుల మీద కూడా! ఇంటర్నెట్ కంపెనీలు కొన్ని వెబ్‌సైట్లను మొత్తంగా మూసేశాయి. దొంగతనం చెయ్యనివాళ్ళకీ తలుపు మూసుకుపోయింది. ఆ జూన్‌లో, దొంగ కాపీ ఉన్న ఫలానా పేజీల వరకే అని కోర్టు స్పష్టం చేసింది.

సినిమా ఆగితే టికెట్టు డబ్బులు వాపసు వస్తాయి. భూమి పోతే? 2022 నుంచి అనకాపల్లి జిల్లాలో ఉన్న మా పరవాడ వేపు ఈ ప్రశ్న ప్రతి ఇంటికీ తెలుసు. 2002లో మొదటి యూనిట్ మొదలైన సింహాద్రి థర్మల్, ఇప్పుడు 2000 మెగావాట్లు, ఆ పక్కన ఫార్మా సిటీ, అన్నీ పొలాల మీదే లేచాయి. అప్పటి భూసేకరణకు 1894 నాటి చట్టమే దిక్కు. గెజిట్‌లో, రెండు దినపత్రికల్లో, ఊళ్ళో ప్రకటన. అభ్యంతరానికి 30 రోజులు. పొలం గట్టు మీది తాతకి గెజిట్ ఎవరు చదివి చెబుతారు? 2014 జనవరి 1 నుంచి అమలైన కొత్త చట్టం ఆ గడువుని 60 రోజులు చేసింది. పంచాయతీలో, తహసీల్దారు ఆఫీసులో స్థానిక భాషలో పెట్టమంది, గ్రామసభకి చెప్పమంది. అచ్చేసినంత మాత్రాన తెలిసినట్టు కాదని ఒప్పుకోవడానికి నూరేళ్ళు దాటింది!

తప్పంతా అటువేపే లేదు. "ఆ కాయితం ముట్టుకోకు, తీసుకుంటే ఒప్పుకున్నట్టే!" అనే పెద్దలు మా ఊళ్ళలో ఇంకా ఉన్నారు. కాదు మొర్రో! వద్దని తిప్పిపంపితే అందినట్టే లెక్క కట్టి, మీరు లేకుండానే తీర్పు ఇచ్చేస్తారు. దాన్ని కొట్టేయమని అడగడానికి తీర్పు తేదీ నుంచి 30 రోజులే. సమన్లు సరిగ్గా అందనే లేదనుకోండి, తీర్పు సంగతి తెలిసిన రోజు నుంచి 30 రోజులు. హైదరాబాదులోనో ఓడ మీదో ఉద్యోగం చేసే తమ్ముళ్ళూ, చెల్లెళ్ళూ! ఇంటికొచ్చిన కవరు ఫొటో తీసి పంపమని అమ్మకి చెప్పి ఉంచండి.

అన్నట్టు, వాట్సాప్‌లో వస్తేనో? కరోనా రోజుల్లో, 2020 జులైలో, సుప్రీంకోర్టు దానికీ ఒప్పుకుంది. కాని హాజరు కమ్మనే పోలీసు నోటీసులు వాట్సాప్‌లో పంపితే చాలదని 2025 జనవరిలో గట్టిగా చెప్పింది. ఇక 'డిజిటల్ అరెస్టు' అని బెదిరించేవాడు పచ్చి మోసగాడు. మన చట్టంలో అలాంటి అరెస్టే లేదు. కోర్టు పేరుతో ఏదొచ్చినా కేసు నంబరు అడగండి, ఈ-కోర్ట్స్‌లో సరిచూసుకోండి.

కాగితం తెచ్చినవాడు విలన్ కాడు. గ్లాసుడు మంచినీళ్ళివ్వండి, సంతకం పెట్టి తీసుకోండి, తేదీ చూసుకోండి. డైలాగులు కోర్టులో చెబుదురుగాని!