పూలు సరే, పురుగు తినే ఆకేది?

నగరాల్లో సీతాకోకచిలుకల వనాలు వెలుస్తున్నాయి. మంచిదే. అయితే వాటిలో నాటుతున్నవి చాలావరకు పూలమొక్కలే: లాంటానా, పెంటాస్, నూరువరహాలు. రెక్కలొచ్చిన చిలుకలు వాటిపై వాలి తేనె తాగి వెళ్లిపోతాయి. గుడ్లు మాత్రం మరోచోట పెడతాయి. గుడ్డులోంచి వచ్చే గొంగళిపురుగుకు కావలసింది ఆకు. అదీ ఏ ఆకు పడితే ఆ ఆకు కాదు, తన జాతి తినే ఆకే కావాలి.

ఆడచిలుక ఆకు మీద వాలి కాళ్లతో తడుముతుంది. కాళ్లకున్న రుచి గ్రాహకాలు ఆకులోని రసాయనాలను పసిగడతాయి. సరైన మొక్కేనని తేలాకే గుడ్డు పెడుతుంది. పురుగుల బారి నుంచి తప్పించుకోవడానికి మొక్కలు విషాలు తయారుచేసుకున్నాయి. కొన్ని జాతుల చిలుకలు ఆ విషాలను అరిగించుకునే శక్తి సంపాదించాయి. యుగాలుగా సాగిన ఈ పోటీయే చిలుకలనూ మొక్కలనూ ముడివేసిందని 1964లో పాల్ ఎర్లిక్, పీటర్ రేవెన్ ప్రతిపాదించారు. అందుకు సాక్ష్యం మన ఊరి దిబ్బల మీదే దొరుకుతుంది.

జిల్లేడు పాలు విషమని పిల్లలకూ తెలుసు. ప్లెయిన్ టైగర్ అనే చిలుక పురుగు ఆ ఆకునే తిని, ఆ విషాన్ని ఒంట్లో దాచుకుంటుంది. ఒకసారి రుచి చూసిన పక్షి ఆ చిలుక నారింజరంగు రెక్కల జోలికి మళ్లీ రాదు. ఆ భయాన్ని ఆసరా చేసుకుని, విషం లేని డనైడ్ ఎగ్‌ఫ్లై ఆడచిలుక అచ్చం అదే వేషంలో తిరుగుతుంది. దాని పురుగు తినేది మనం పప్పులో వేసుకునే గంగవావిలి కూర. ఈ రెండు మొక్కలనూ కలుపని పీకేస్తే రెండు జాతులకూ కూడు పోతుంది.

ఈశ్వరి తీగ సంగతి మరీ అన్యాయం. క్రిమ్సన్ రోజ్ పురుగు ఈశ్వరి, గాడిదగడపాకు వంటి అరిస్టొలోకియా జాతి మొక్కల మీదే బతుకుతుంది. నల్ల రెక్కలు, ఎర్రటి ఒళ్లు ఉన్న ఈ చిలుకను 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టం ఏళ్ల తరబడి పులితోపాటు మొదటి షెడ్యూలులో ఉంచింది. అంతటి రక్షణ పొందిన చిలుక తినే తీగను మాత్రం పొదలతో సహా జేసీబీ ఎత్తిపోస్తుంటే అడిగేవారు లేరు. మేత పోయాక చట్టం కాపాడగలిగేది ఏముంటుంది?

పెరటి నుంచి అడవి దాకా ఈ పొత్తులు కనిపిస్తాయి. కరివేపాకు మీద కామన్ మార్మన్, ఆముదం మీద కామన్ క్యాస్టర్, చింత మీద బ్లాక్ రాజా, బీడీ ఆకు కోసే తునికి మీద బారనెట్, మామిడి కొమ్మను పట్టుకున్న బదనిక మీద కామన్ జెజెబెల్ పెరుగుతాయి. వినాయకచవితి పత్రిలో మారేడు లైమ్ బటర్‌ఫ్లైకి, రేగు కామన్ పియరోకు, గన్నేరు, రావి కామన్ క్రోకు మేతమొక్కలు. ఆంధ్ర విశ్వవిద్యాలయంలో జె.బి. అట్లూరి, సి. సుబ్బారెడ్డి, ఎస్.పి. వెంకటరమణ వంటి శాస్త్రవేత్తలు చిలుకల జీవితచక్రాలను, వాటి మేతమొక్కలను నమోదు చేశారు. ఈ తెలివిడి మొక్కలు నాటే ప్రణాళికల్లోకి ఇంకా రాలేదు.

రోడ్ల మధ్య వరుసలుగా కోనోకార్పస్ నాటారు. త్వరగా గుబురెక్కుతుంది నిజమే, కానీ జిల్లేడుకు ప్లెయిన్ టైగర్ ఉన్నట్టు దానికంటూ మన చిలుక ఏదీ లేదు. 19వ శతాబ్దం మొదట్లో బ్రిటిష్‌వారు అలంకారం కోసం తెచ్చిన లాంటానా ఇప్పుడు అడవుల్లో స్థానిక మొక్కల చోటును ఆక్రమించింది. దాని తేనె చూపించి ఆ నష్టాన్ని మాఫీ చేయలేం.

రైతుల అభ్యంతరాన్నీ వినాలి. బత్తాయి, నిమ్మ నర్సరీల్లో లైమ్ బటర్‌ఫ్లై పురుగు లేతమొక్కల ఆకంతా తినేస్తుంది; దాన్ని అదుపు చేయక తప్పదు. కానీ నల్గొండ బత్తాయి తోట లెక్క వేరు, ఇంటి కరివేపాకు చెట్టు లెక్క వేరు. పెరట్లో నాలుగు రెమ్మలు పోతే వారాల్లో చిగురిస్తాయి. అక్కడ మందు కొట్టనక్కర లేదు.

చేయాల్సింది పెద్ద ఖర్చుతో కూడినది కాదు. తెలంగాణలో 2015లో మొదలైన హరితహారం మొక్కల పెంపకం కార్యక్రమం పల్లెల్లో నర్సరీలను నిలబెట్టింది. వాటిలో పూలమొక్కల పక్కన ఈశ్వరి, వాయింట, ఉలిమిడి, తంగేడు, రేగు వంటి మేతమొక్కల నారు కూడా పోయాలి. ఆంధ్రప్రదేశ్ పురపాలక సంఘాలూ ఇదే దారి పట్టాలి. వనానికి నిధులు మంజూరు చేసే ముందు అధికారులు మూడు విషయాలు రాతపూర్వకంగా అడగాలి: ఏ జాతి పురుగుకు ఏ మొక్క నాటుతున్నారు, పురుగుమందు వాడబోమని హామీ ఇస్తారా, జిల్లేడు, గడ్డి పెరగడానికి ఎంత చోటు వదులుతారు. పార్కు తోటమాలులకు పురుగుల బొమ్మలతో శిక్షణ ఇచ్చి, కొరికిన ఆకు కనిపించగానే కత్తిరించవద్దని చెప్పాలి. తొలకరికి మొక్క చేతికందాలంటే విత్తనాల సేకరణ చలికాలంలోనే మొదలుపెట్టాలి.