మదనపల్లె కవిగారు

జనగణమన పాటకి మన మదనపల్లెలో స్వరాలు రాశారని మీరు వినే ఉంటారు. 1919 ఫిబ్రవరిలో అక్కడి థియోసాఫికల్ కాలేజీకి వచ్చిన ఠాగూర్ పాడగా, స్వరాలు రాసిపెట్టింది మార్గరెట్ కజిన్స్. మరి ఆవిడ భర్తగారి సంగతి విన్నారా?

ఆయన పేరు జేమ్స్ కజిన్స్. ఆ కాలేజీకి ప్రిన్సిపాల్‌. 1873లో ఐర్లండ్‌లోని బెల్‌ఫాస్ట్‌లో పుట్టిన కవి. జాలరుల బతుకు మీద ఆయన రాసిన నాటకాన్ని 1902లో డబ్లిన్‌లో ఆడారు. కానీ అక్కడ అందరూ మాట వినే యేట్స్ కవిగారికి ఈయన నాటకాలు నచ్చేవి కావు. అలా వెనకబడిపోయారు పాపం.

1903లో పెళ్లయింది. భార్యాభర్తలిద్దరూ శాకాహారులే. ఆ తరవాత పెద్ద నవలాకారుడైన జేమ్స్ జాయిస్, 1904లో కుర్రతనంలో వాళ్లింట దిగి, ఆ కూరగాయల భోజనం పడక కొద్దిరోజులకే మూట సర్దుకున్నాడట!

నాకు మాత్రం ఆయన కవిత్వం కన్నా ఈ సంగతి ఎక్కువ నచ్చింది. ఆడవాళ్లకి ఓటు కావాలంటూ కిటికీ అద్దాలు పగలగొట్టి మార్గరెట్ 1910లో లండన్‌లో, 1913లో ఐర్లండ్‌లో జైలుకెళ్లారు. మొగుడన్నవాడు నలుగురిలో తలెత్తుకోలేనని గోల పెట్టాలి కదా? ఈయన 1912లో మిత్రుడితో కలిసి ఆ ఉద్యమానికే ఒక పత్రిక పెట్టారు!

1915లో అనిబిసెంట్ పిలిస్తే ఇద్దరూ ఇండియా వచ్చేశారు. 1932లో ఆవిడ ఇక్కడా జైలుకెళ్లారు. 1950లో అచ్చయిన ఆత్మకథ కూడా ఇద్దరూ కలిసి రాసుకున్నదే. ఆవిడ 1954లో పోయారు. ఆయన 1956లో, మదనపల్లెలోనే కన్నుమూశారు.